ఏడు నిమిషాల ఆరు సెకన్లు

కైరవాన్,
14 ఫిబ్రవరి 1988

బామ్మర్దీ,

మీ అక్క షాద్లియా బాగుంది, పిల్లలు బాగున్నారు, మగ్గం మీద తివాచీ సగానికి వచ్చింది. నేనూ బాగున్నానని రాయబోయాను గానీ, పొద్దున్నే పరుగెత్తి వచ్చిన నా ఒగర్పు విన్నవాళ్లెవరూ ఆ మాట నమ్మరు.

ఇన్‌స్పెక్టరు ప్రమోషనుకి మళ్లీ దరఖాస్తు పెట్టాను. ఇది మూడోసారి, ఇదే ఆఖరు. ఆగస్టులో నాకు నలభై నాలుగు నిండుతాయి, ఆ తర్వాత దరఖాస్తు తీసుకోరు. పదిహేను వందల మీటర్లు, ఏడు నిమిషాలు. పాతికేళ్ల కుర్రాడికీ అంతే, నాకూ అంతే. పరుగు గట్టెక్కితేనే రాతపరీక్షకి కూర్చోనిస్తారు. రెండుసార్లు వచ్చి ఆ పరీక్ష గది గుమ్మమైనా చూడకుండా బస్సెక్కాను.

రోజూ పెద్ద నీటి కుండాల చుట్టూ పరుగెడుతున్నాను. మక్రూద్ మిఠాయి అమ్మే హమాదీ అప్పుడే దుకాణం తెరుస్తుంటాడు. రోజూ ఒకటే మాట. ‘మొంజీ అన్నా, దొంగ ఎటు పోయాడు?’ నాదీ ఒకటే జవాబు. ‘నీ దుకాణంలోకే దూరాడు, బయటికి పంపు.’

నిన్న పరుగు మధ్యలో మన బస్సు ప్రయాణం గుర్తొచ్చి ఆగి నవ్వుకున్నాను. పోలీసు ఎంపికకి, ఎత్తు కొలిపించుకోవడానికి వెళ్తున్నాం. మనిషి పొద్దున లేచినప్పుడు పొడుగ్గా ఉంటాడని, నిలబడే కొద్దీ తగ్గుతాడని ఎవరో నీకు చెప్పారు. బస్సులో సీట్ల మధ్య నేల మీద వెల్లకిలా పడుకుని వచ్చావు, తలకింద ఎవరిదో కోళ్ల బుట్ట. కండక్టరు ‘లే నాయనా, జనం దిగాలి’ అంటే ‘లేస్తే నా ఉద్యోగం పోతుంది, దాటుకుని వెళ్లమనండి’ అన్నావు. నూట డెబ్భై సెంటీమీటర్లు కావాలి, నువ్వు సరిగ్గా నూట డెబ్భై. కొలిచినాయన నీ జుట్టు రెండుసార్లు నొక్కి చూశాడు.

ఇప్పుడు నువ్వు ఆ ఎంపిక జరిగిన పోలీసు శిక్షణ బడిలోనే ఇన్‌స్ట్రక్టరువి. ఏప్రిల్ పరుగులో మా జట్టుకి వాచీ పట్టేది నువ్వేనట. ఒకటే చెప్తున్నాను. నాకు ఒక్క సెకను కూడా ఎక్కువ ఇవ్వకు. తక్కువా ఇవ్వకు.

ఉంటాను.

నీ బావ,
మొంజీ


పోలీసు శిక్షణ పాఠశాల,
2 మార్చి 1988

బావా,

నీ ఉత్తరం చేరింది. ఆ బుట్టలో ఉన్నవి కోళ్లు కాదు, కుందేళ్లు. ఒకటి నా చెవి కొరికింది. ఆ గాటు ఇప్పటికీ ఉంది, వచ్చినప్పుడు చూపిస్తాను.

మా మైదానం నీకు తెలిసిందే. మూడు ముప్పావు రౌండ్లు. మొదటి రౌండులో కుర్రాళ్లు గుర్రాల్లా దూకుతారు, వాళ్లతో పోకు. రెండో రౌండు అయ్యేసరికి సగం మంది నీ దగ్గరికే వచ్చేస్తారు. మలుపుల దగ్గర ఎడమ కాలి మీద బరువు వేయకు. మోకాలికి గుడ్డ చుట్టుకోకు. నిక్కరు వేసుకుని పరుగెత్తాలి, చుట్టుకుంటే అందరికీ కనిపిస్తుంది.

రోజుకి ఎన్ని నూనెలో వేయించిన బ్రిక్‌లు తింటున్నావు? అక్క చేస్తే గుడ్డు పెట్టి మరీ చేస్తుంది, నూనె కారుతూ ఉంటుంది. పరీక్ష అయ్యేదాకా మానెయ్. నాకు ఇక్కడ దొరకవు, నువ్వూ మానెయ్. సమన్యాయం.

అక్క నాకు వేరుగా ఒక ఉత్తరం రాసింది. దానికి జవాబు రాయలేదు, రాయను కూడా. ఆ సంగతి తనకి చెప్పు. ఎందుకని అడిగితే తనకే తెలుసని చెప్పు.

ఆ రోజు నన్ను పేరు పెట్టి పిలవకు. నేను నిన్ను నంబరుతో పిలుస్తాను.

ఇట్లు,
లారూసీ


కైరవాన్,
12 ఏప్రిల్ 1988

లారూసీ,

ఏడు నిమిషాల ఆరు సెకన్లు. గోడకి అంటించిన కాగితంలో చూసుకున్నాను. ఆ ఆరు సెకన్లకి నీమీద కోపం లేదు. ఉందేమోనని బస్సులో దారి పొడుగునా వెతుక్కున్నాను, దొరకలేదు.

కోపం వేరే దానికి. పరుగయ్యాక గడ్డిలో కూలబడితే నువ్వు నా వైపు ఒకసారి చూసి, తల తిప్పుకుని, తర్వాతి జట్టుని పిలిచావు. అది నీ డ్యూటీ, ఒప్పుకున్నాను. అందరూ వెళ్లాక గేటు దగ్గర గంట నిలబడ్డాను. కాపలావాడు ‘ఎవరి కోసం?’ అన్నాడు. ‘బస్సు కోసం’ అన్నాను. ‘బస్సు ఇక్కడ ఆగదు’ అన్నాడు. ‘తెలుసు’ అన్నాను. మీ అక్క నీకోసం కట్టిచ్చిన మక్రూద్ పొట్లం వాడి చేతిలో పెట్టి వచ్చేశాను.

ఇంటికొచ్చాక మీ అక్క నాకంటే ముందు ఏడవడం మొదలుపెట్టింది. ‘వాడికి రక్తం లేదు, మా అమ్మ పాలు తాగలేదు’ అంటుంది. నేను నీ వైపు మాట్లాడాల్సి వచ్చింది. ఓడిపోయినవాడు నేను, ఓదార్చేవాడినీ నేనే.

ఇంకో సంగతి. మా ఆఫీసు గుమాస్తా మీ పరుగు కాగితం నకలు చూశాడట. నా పేరు ఎదురుగా చివరి గడిలో నీ చేతిరాతతో రెండు లైన్లు ఉన్నాయట. మిగతా ముప్పై తొమ్మిది మందికీ ఆ గడి ఖాళీ. ‘ఏం రాశాడు?’ అంటే ‘నీకు మంచి చేసేది మాత్రం కాదు’ అని ఫైలు మూసేశాడు.

ఏం రాశావు?

మొంజీ


శిక్షణ పాఠశాల,
21 ఏప్రిల్ 1988

బావా,

ముందు గేటు సంగతి. నలభై మంది కాగితాల మీదా సంతకాలయి, సీలు పడేదాకా వాచీ పట్టినవాడు ఏ అభ్యర్థితోనూ మాట్లాడకూడదు. అది అయ్యేసరికి ఆరు దాటింది. పరుగున గేటుకి వచ్చాను. కాపలావాడు మీసాలకి అంటిన తేనె తుడుచుకుంటున్నాడు. పొట్లంలో రెండు మిగిల్చాడు, ఆ రెండూ తిన్నాను.

అక్క ఉత్తరంలో ఏముందో ఇప్పుడు చెప్పొచ్చు. ‘వాచీ నీ చేతిలోనే కదా తమ్ముడూ, బొటనవేలు కాస్త ముందు నొక్కితే ఎవరికి నష్టం?’ అని రాసింది. నష్టం పందొమ్మిదో నంబరు వాడికి. వాడు ఏడు నిమిషాల మూడు సెకన్లలో వచ్చాడు, నీకంటే ముందు, అయినా తప్పాడు. వాడికి ఇక్కడ బామ్మర్ది లేడు.

గడిలో రాసింది ఇదీ, అక్షరం తప్పకుండా: ‘ఈ అభ్యర్థి ఎడమ మోకాలు 1969 వరదల్లో డ్యూటీలో ఉండగా దెబ్బతిన్నది. అందరితో సమానంగా పరుగెత్తించడం న్యాయం కాదు.’

డ్యూటీలో గాయపడినవాళ్లని పరుగు లేకుండా నేరుగా రాతపరీక్షకి పంపవచ్చని ఈ ఏడాది కొత్త ఉత్తర్వు వచ్చింది. నువ్వు అడగవు. అడిగే మనిషివైతే పద్దెనిమిదేళ్లు ఆగుతావా? అందుకని నేను రాశాను. సెకన్లు మార్చలేను. నిజం రాయగలను.

గుమాస్తా మాటలు పట్టించుకోకు. ఇక ఇప్పుడైతే రంజాన్ ఉపవాసాలు, మధ్యాహ్నం అయ్యేసరికి ఎవరి నోటా మంచి మాట రాదు. పండక్కి నాలుగు రోజులు సెలవు దొరికింది, వస్తున్నాను.

లారూసీ


కైరవాన్,
9 మే 1988

లారూసీకి,

నన్ను మెడికల్ బోర్డుకి పిలిచారు. జూన్ ఇరవై ఎనిమిది. పిలుపు కాగితంలో కారణం ఇలా ఉంది: ‘మోకాలి గాయం దాచిపెట్టి ఉద్యోగం ఖాయం చేయించుకున్నట్టు అనుమానం.’ అనుమానం నిజమని తేలితే ఇంటికి పంపిస్తారు, సగం పింఛనుతో. పెద్దది ఈ ఏడు బడి చదువు ముగిస్తోంది, చిన్నవాళ్లిద్దరూ ఇంకా బడిలోనే ఉన్నారు.

నువ్వు నిజం రాశావు. ఆ నిజానికి కాగితం ఏది? వాళ్లు మనం అప్పుడున్న స్టేషను డైరీ తెప్పించి వరద రోజు పేజీ తీశారు. ‘సిబ్బందిలో ఎవరికీ దెబ్బలు తగలలేదు.’ ఆ చేతిరాత ఎవరిదో నీకు చెప్పాలా?

నువ్వు మర్చిపోయావేమో, నేను మర్చిపోలేదు. జెరూద్ నది పొంగిన ఆ పొద్దున స్టేషన్లో ఉన్నది మనిద్దరమే. ఇంకా ప్రొబేషను కూడా పూర్తి కాలేదు. నూనె గానుగ స్తంభానికి తాడు కట్టి, నడుము లోతు నీళ్లలో నేను, మెట్ల మీద నువ్వు. పిల్లల్ని నేను అందిస్తే నువ్వు పైకి లాగావు. ఒక ముసలమ్మ తన మేకని ముందు తీసుకుంటేనే తాను వస్తానంది. ‘పిన్నీ, మేకకి ఓటు లేదు, నువ్వు రా’ అన్నాను. ‘నా ఓటు దానికే ఇస్తాను’ అంది. నువ్వు పైనుంచి నవ్వుతూనే ఉన్నావు, అప్పుడే ఎవరింటిదో తలుపు చెక్క కొట్టుకొచ్చి నా మోకాలికి తగిలింది. ఆ చప్పుడు నువ్వూ విన్నావు.

తర్వాత మూడు నెలలు రొట్టెల కొట్టు వెనక సందులో నాకు నడక నేర్పావు. మా అమ్మ కూడా నాకు అంత ఓపిగ్గా నేర్పి ఉండదు. ‘మడమ ముందు పెట్టు, భుజం వంచకు, పళ్లు కొరకకు, మొహం చూస్తే తెలిసిపోతోంది.’ ప్రొబేషను చివర శరీర పరీక్ష రోజు నేను డాక్టరు ముందు కుంటకుండా పన్నెండు అడుగులు వేశాను. బయటికొచ్చి నీ భుజం మీద పడ్డాను.

దాదాపు ఇరవై ఏళ్లు ఇద్దరమే మోసిన సంగతిని నువ్వొక్కడివే తీసుకెళ్లి గడిలో పెట్టావు. నన్నొక్క మాట అడగలేదు.

పండక్కి రావద్దు. మీ అక్కకి నేనే ఏదో ఒకటి చెప్పుకుంటాను.

మొంజీ


శిక్షణ పాఠశాల,
20 మే 1988

బావా,

పండగ నాడు మెస్సులోనే తిన్నాను. కుస్కుస్ రవ్వ ఉడకలేదు, మాంసం ఎక్కడుందో కనిపెట్టడానికి విచారణ జరపాల్సి వచ్చింది.

బోర్డు ఎన్ని గంటలకి, ఏ గదిలో, సభ్యులు ఎవరెవరు? ఈ మూడూ రాస్తే చాలు, ఇంకేమీ రాయక్కర్లేదు. నువ్వు రాయకపోతే అక్కని అడుగుతాను. అక్క నామీద అలిగినా జవాబు మాత్రం రాస్తుంది.

లారూసీ


కైరవాన్,
2 జూలై 1988

లారూసీ,

నీ ఉత్తరానికి కావాలనే జవాబు రాయలేదు. గది నంబరు అడిగితే, వచ్చి నా పక్కన కూర్చుని జాలి చూపిస్తావనుకున్నాను. అదొక్కటి తట్టుకోలేనని రాయలేదు. మీ అక్క రాసిందని ఇప్పుడు తెలిసింది.

ముగ్గురు డాక్టర్లు. బల్ల ఎక్కమన్నారు, కాలు మడిచారు, చాపారు, ఎక్స్‌రేని కిటికీకి ఎత్తి చూశారు. పాత విరుగుడే, సరిగ్గా అతకలేదన్నారు. ‘ఎప్పుడు తగిలింది?’ అని పెద్దాయన అడిగాడు. చెప్పాను. ‘డైరీలో అలా లేదే’ అన్నాడు. నీ పేరు చెప్పదలుచుకోలేదు. కోపం ఉన్నా చెప్పదలుచుకోలేదు, అది కూడా తెలుసుకో.

అప్పుడాయన ఫైల్లోంచి ఒక కాగితం తీసి చదివాడు. ‘ఆ రోజు డైరీ రాసింది నేను. చివరి వాక్యం అబద్ధమని తెలిసే రాశాను. గాయం దాచమని అతను నన్ను అడగలేదు, దాచుదామని నేనే అన్నాను. ఆ పొద్దున అతని చేతుల మీదుగా ఇరవై ఆరు మంది ఒడ్డెక్కారు. ఆ లెక్క డైరీలో సరిగ్గానే ఉంది.’ కింద నీ సంతకం, నీ నంబరు.

నేను బల్ల మీద ఒక కాలు చాపి, ప్యాంటు మోకాలి పైకి మడుచుకుని ఉన్నాను. ఆ స్థితిలో మనిషి ఏడవకూడదు, చూసేవాళ్లకి బాగోదు.

గాయం డ్యూటీలో తగిలినట్టు రాసుకున్నారు. ఉద్యోగం ఉంటుంది. పరుగు లేదు, సెప్టెంబరులో నేరుగా రాతపరీక్ష.

బయటికొస్తుంటే మీ బడి స్టోరు చూసే సాలెం కనిపించాడు, ఏదో మందులకి వచ్చాడట. ‘లారూసీని చీఫ్ ఇన్‌స్ట్రక్టర్ని చేయాల్సింది, పాత డైరీ గొడవలో ఆపేశారు, తాఖీదు కూడా ఇచ్చారు’ అన్నాడు. నిజమేనా? ఆ పదవి వస్తోందని కూడా నాకెందుకు రాయలేదు?

ఇంకొకటి అడుగుతాను. దాచుదామని ముందు అన్నది నిజంగా నువ్వేనా? నాకు గుర్తు లేదు. నాలుగు రోజులుగా గుర్తు తెచ్చుకుంటున్నాను, నీళ్లు, మేక, తలుపు చెక్క అన్నీ వస్తున్నాయి, ఆ మాట మాత్రం ఎవరి గొంతులోనూ వినపడటం లేదు.

నీ బావ,
మొంజీ


శిక్షణ పాఠశాల,
12 జూలై 1988

బావా,

సాలెం చెప్పింది నిజం. తాఖీదు ఇచ్చారు, చీఫ్ పదవి వేరేవాళ్లకి వెళ్లింది. నాకు ఇక రాదు. అబద్ధం డైరీ రాసినవాణ్ణి తీసుకెళ్లి, డైరీ ఎలా రాయాలో కుర్రాళ్లకి నేర్పమని పెడతారా? నేనైనా పెట్టను. అందుకే నీకు రాయలేదు. బాధపడే హక్కు నాకు లేని విషయంలో నువ్వు బాధపడటం ఎందుకని.

ముందు అన్నది నేనే. నీకు గుర్తుండదు, అప్పటికి నీకు స్పృహ సగమే ఉంది. నిన్ను స్టేషను బల్ల మీద పడుకోబెట్టి డైరీ తెరిచాను. గాయం అని రాస్తే నిన్ను ఇంటికి పంపేస్తారు. నువ్వు వెళ్లిపోతే ఆ బురద ఊళ్లో నేనొక్కణ్ణే. వంట రాదు, అక్కడి జనం యాస కూడా సగం అర్థమయ్యేది కాదు, కుక్కలంటే భయం. నీ ఉద్యోగం కోసం అబద్ధం రాశానని ఇన్నాళ్లూ నువ్వు అనుకున్నావు. నేనూ అలాగే అనుకోనిచ్చాను. నాకు తోడు కావాలని రాశాను బావా. అంతే.

అప్పుడు నేను నిజం రాసి ఉంటే నీకు మోకాలికి చికిత్స జరిగేది. ఇప్పుడు పరుగెత్తి వచ్చిన రోజు నాలుగు మెట్లు కూడా ఆగి ఆగి ఎక్కుతావని అక్క రాసింది. ఆ పరుగు రోజు నాలుగో రౌండులో నువ్వు మలుపు తిరుగుతుంటే నా బొటనవేలు వాచీ బొత్తాం మీదికి వెళ్లింది. ఒక్క నిమిషం అక్క మాటే వినాలనిపించింది. వినలేదు. నీవైపు చూడలేక తల తిప్పుకున్నాను.

రాతపరీక్షకి పాత ప్రశ్నాపత్రాలు పంపుతున్నాను, ఇవి అందరికీ దొరికేవే. కొత్త ఉత్తర్వుల పుస్తకం కూడా. చదువు. నీకు తెలుసనుకున్నవి ముఖ్యంగా చదువు.

బక్రీదుకి రమ్మంటే వస్తాను.

లారూసీ


కైరవాన్,
18 జూలై 1988

రమ్మంటున్నాను. పొట్టేలుని కొన్నాను, అది ఇప్పటికే మీ అక్క నేసిన తివాచీ అంచు నమిలేసింది. త్వరగా రా.

మొంజీ


కైరవాన్,
6 నవంబరు 1988

బామ్మర్దీ,

ఫలితాలు నువ్వు చూసే ఉంటావు. అయినా నా చేత్తో రాయాలి కదా. యాభై కావాలి, నలభై ఆరు వచ్చాయి.

ఈసారి గుమాస్తా పేపరు చూపించాడు. ‘బజారులో సైకిలు పోయిందని ఫిర్యాదు వచ్చింది. తీసుకోవలసిన చర్యలు వరుసగా రాయండి.’ ఇరవై మార్కుల ప్రశ్న. ఆనందంగా మూడు పేజీలు రాశాను. ముందు ఫిర్యాదీని కూర్చోబెట్టి టీ ఇవ్వాలని, ఈ మధ్య ఇంట్లో ఎవరితోనైనా గొడవపడ్డాడా అడగాలని, చాలాసార్లు సైకిలు పోయి ఉండదు, బామ్మర్ది తీసుకెళ్లి ఉంటాడని రాశాను. దొంగ నిజంగా దొరికితే ముందు వాడి తల్లికి కబురు పంపాలనీ రాశాను. ఇరవైకి నాలుగు వేశారు. పక్కన ఎర్ర సిరాతో ‘ఫారం నంబరు ఏది?’ అని ఉంది. నువ్వు పంపిన పుస్తకంలో ఆ ఫారం పదకొండో పేజీలోనే ఉందట. ఆ పుస్తకం నేను తెరవలేదు. ఇరవై ఏళ్లు చేసిన పనే కదా అనుకున్నాను.

మీ అక్క భయపడుతూ నా మొహం చూసింది. నాకు నవ్వొచ్చింది. మూడుసార్లూ మోకాలే నన్ను ఆపిందని మనసులో ఎంత గట్టిగా నమ్ముకున్నానో. అడ్డం తీసేసి దారి ఇచ్చారు, నేను నడవలేకపోయాను. అందులో ఎవరి అన్యాయమూ లేదు. దాని రుచి వేరుగా ఉంది లారూసీ, చేదుగానే ఉంది గానీ గొంతులో అడ్డుపడలేదు. ఇక ఇద్దరం హెడ్ కానిస్టేబుళ్లుగానే దిగిపోతాం.

పండక్కి వచ్చినప్పుడు నువ్వు పెద్దగా మాట్లాడలేదు, నేనూ మాట్లాడలేదు. రెండు రోజులూ పెరట్లో అంజూరపు చెట్టు కింద కూర్చుని టీ తాగాం. మీ అక్క ‘ఇద్దరూ మూగవాళ్లయ్యారా?’ అంది. నాకు మాత్రం చాలా మాట్లాడుకున్నట్టే ఉంది.

కొత్త ఇన్‌స్పెక్టరు మొన్న మా స్టేషనుకి వచ్చింది. నజీహా అని, బాజా ఊరి వైపు అమ్మాయి, ఇరవై ఏడేళ్లు. రాతపరీక్షలో మొదటి స్థానం ఆమెదే. సెల్యూట్ చేశాను. చెయ్యి బరువుగా లేస్తుందేమో అనుకున్నాను, మామూలుగానే లేచింది.

‘మొంజీ గారూ, బజారు చూపిస్తారా?’ అంది. బయల్దేరాం. ఆమెది నడక కాదు, పరుగు. తివాచీల వీధి దాటేసరికి నేను పది అడుగులు వెనకబడ్డాను. ఇన్నేళ్లుగా ఇలాంటప్పుడు నాకొక ఉపాయం ఉంది. ఏ దుకాణం ముందో ఆగి, వాళ్లతో ఏదో మాట్లాడుతున్నట్టు నటిస్తాను. ఆ రోజు ఆగబోయి మానేశాను.

‘మేడమ్, కొంచెం నెమ్మదిగా నడుద్దాం. నా ఎడమ మోకాలు నొప్పి’ అన్నాను.

యూనిఫాం వేసుకున్నాక ఆ మాట పైకి అనడం ఇదే మొదటిసారి. ఆమె వెనక్కి తిరిగి చూసి, ‘అలాగే, ముందే చెప్పొచ్చు కదా’ అని అడుగు తగ్గించింది. అంతే, ఇంకేమీ అడగలేదు. బజారు చివరిదాకా అందరూ చూస్తుండగా హాయిగా కుంటుకుంటూ నడిచాను.

నీ బావ,
మొంజీ